శేషవాదం వెంట మాచర్ల దాకా

నేను మాచర్ల వెళ్ళింది, నేను కల్పించిన ఒక తత్వాన్ని దయచేసి మానేయమని ఒకాయన్ని అడగడానికి. ఇలాంటి పని మీద ఆ ఊరు వెళ్ళినవారు నాకు ముందు ఎవరూ ఉండకపోవచ్చు. ఎవరికైనా ఆ అవసరం పడితే పనికొస్తుందని బస్సు వేళలతో సహా రాస్తున్నాను.

నరసరావుపేటలో ఒక ప్రైవేటు కాలేజీలో ఎకనామిక్స్ చెబుతాను. సాయంత్రాలు ఫోనులో వినే కథ ఒకటి రాసి, నా గొంతుతోనే చదివి పెడుతుంటాను. కథంతా తొమ్మిదిగాలుల దీవిలో జరుగుతుంది. అక్కడ సముద్రం ఊదారంగులో ఉంటుంది, చేపలకు పేర్లుంటాయి, నెలాఖరు ఉండదు. ఆ దీవిలో నీలవ్వ అనే నేతగత్తె స్థాపించిన దర్శనం పేరు శేషవాదం. సృష్టికర్త లోకాన్ని పూర్తిచేయకుండా వదిలి వెళ్ళాడు కాబట్టే అది ఇంకా నడుస్తోందని వాళ్ళ సిద్ధాంతం. మృత్యువంటే ఆఖరి పని ముగిశాక లెక్క చూసుకోవడానికి వచ్చేవాడు. ఏదో ఒకటి మిగిలి ఉన్నంతకాలం అతను గుమ్మం బయటే కూర్చుంటాడు. అందుకని శేషవాదులు చీరలో ఆఖరి పోగు నేయరు, కప్పు మీద ఆఖరి పెంకు వేయరు, పళ్ళెంలో ఆఖరి ముద్ద తినరు. పెంకు వేయని చోట వాన పడితే ఏం చేస్తారని ఒక శ్రోత అడిగితే, తడుస్తారని జవాబిచ్చాను. అప్పట్లో అది నాకు చాలా తెలివైన జవాబులా తోచింది.

ఈ ప్రయాణానికి ఎనిమిది రోజుల ముందు ఫోనుకు ఒక వాయిస్ మెసేజ్ వచ్చింది. వెనక సుత్తి దెబ్బలు, ముందు నెమ్మదైన గొంతు.

"నమస్తే సార్. మాది మాచర్ల. బండ్ల మేస్త్రీని, నాగూర్ అంటారు. మీ శేషవాదం ఆర్నెల్లుగా పాటిస్తన్నా సార్. మన షెడ్డుకొచ్చిన ఏ బండికీ ఆఖరి నట్టు నేను బిగియ్యను. చానా మనశ్శాంతిగా ఉంది."

ఆయనకు శాంతి దొరికిన క్షణమే నాకు పోయింది. రెండూ ఒకటే శాంతి అయి ఉండాలి.

వెంటనే ఫోను చేశాను. నట్లన్నీ బిగించమని, అది కథని, ఆ దీవి ఏ మ్యాపులోనూ లేదని చెప్పాను. ఆయన నవ్వాడు. గురువులు ఇట్టాగే పరీక్ష పెడతారని తనకు తెలుసన్నాడు. ఫోన్లో అర్థమయ్యే విషయం కాదు, వచ్చి కళ్ళతో చూస్తే మీరే మెచ్చుకుంటారని ఫోను పెట్టేశాడు. ఆ రాత్రి నుంచి పేపరులో జిల్లా పేజీ వదలకుండా చదివేవాణ్ణి. ఎక్కడో ఆటో బోల్తా పడిందని చదవగానే ముందు ఊరి పేరు చూసేవాణ్ణి. మాచర్ల వైపు కాదని తేలాక వచ్చే ఊరటకు తర్వాత సిగ్గుపడేవాణ్ణి. ఇలా వారం గడిచింది.

శనివారం వస్తున్నానని మేస్త్రీకి ఫోనులో చెప్పి, సెలవు పెట్టాను. కారణం గడిలో 'సొంత పని' అని రాశాను. అది నిజమే.

ఎనిమిదీ ఐదుకు నరసరావుపేట బస్టాండులో పిడుగురాళ్ళ బస్సెక్కాను. కిటికీ పక్క సీటు దొరికింది. పక్కన నాదెండ్ల నుంచి వస్తున్న పెద్దాయన ఒకరు కూర్చుని, బస్సు కదలకముందే నా వివరాలు కనుక్కోవడం మొదలుపెట్టారు. ఏ వూరు, ఏం చదువు, ఎంతమంది పిల్లలు అయ్యాక మాచర్లలో పనేమిటన్నారు. ఒక మాట వెనక్కి తీసుకోవాలన్నాను.

"మాచర్ల పోయి మాట వెనక్కి తీసుకుంటావా," అని ఆయన నన్ను కిందా పైనా చూశారు. "నీకు మనుషులున్నారా అక్కడ?"

లేరన్నాను. నాగూర్ మేస్త్రీ అనే ఒక్కాయన కోసం వెళ్తున్నానన్నాను. పెద్దాయన ముఖం విప్పారింది. తన మేనల్లుడి ట్రాక్టరు ఆయన చేతిదేనని, అంత పనిమంతుడు లేడని, ఆ రూట్లో సగం బండ్లు ఆయన షెడ్డు నుంచి వచ్చినవేనని ధైర్యం చెప్పారు. ఆ తర్వాత ఎదురొచ్చిన ప్రతి ఆటోనూ, ట్రాక్టరునూ నేను చక్రాల వైపే చూస్తూ కూర్చున్నాను. సగం అంటే ఏ సగమో ఆయన చెప్పలేదు.

తొమ్మిదింబావుకు పిడుగురాళ్ళ. సున్నం బట్టీల ఊరు. దుకాణాల రేకుల మీద కూడా తెల్లటి దుమ్ము పేరుకుని ఉంటుంది. బస్టాండు ఎదురుగా నాలుగిడ్లీ, అల్లం పచ్చడి ముప్ఫై రూపాయలు. పచ్చడి బాగుందని మిగతా ప్రయాణికులు అన్నారు. నాకు రుచి తెలియలేదు. ఆఖరి ఇడ్లీ ముక్క పళ్ళెంలో మిగిలింది. చూసి భయమేసి తినేశాను.

తొమ్మిదీ యాభైకి మాచర్ల బస్సు. గురజాల దాటేసరికి పదీ నలభై. మిరపకోతల కాలం. రోడ్డు పక్క కళ్ళాల్లో ఎర్రటి కాయలు ఎకరాలకెకరాలు ఆరబోసి ఉన్నాయి. కిటికీలోంచి ఘాటు లోపలికొచ్చి బస్సంతా తుమ్మింది. ఆటోల్లో, ట్రక్కుల్లో మిరప కూలీలు నిలబడటానికి కూడా చోటు లేకుండా వెళ్తున్నారు. వాళ్ళని లెక్కపెట్టడం మొదలెట్టి, రెంటచింతల దగ్గర మానేశాను. ఎండ అప్పటికే బస్సు రేకును పట్టుకోనివ్వడం లేదు.

పదకొండూ ముప్ఫై ఐదుకు మాచర్ల. నాగూర్ మేస్త్రీ షెడ్డులో ఉంటాడనుకుంటే, బస్టాండులోనే ఎదురొచ్చాడు. యాభై దాటిన మనిషి, తెల్ల గడ్డం, ఉతికిన లాల్చీ. గురువుగారు వస్తున్నారని షెడ్డు పని ఆపి స్నానం చేసి వచ్చానన్నాడు. గోళ్ళలో గ్రీజు మాత్రం పోలేదని నొచ్చుకున్నాడు. నేను అసలు సంగతి ఎత్తబోతే, ముందు సోడా తాగాలని పట్టుబట్టాడు. సోడా, తర్వాత టీ, తర్వాత టీ కొట్టు యజమానికి నా పరిచయం. ఇరవై అయిదు నిమిషాలు ఇలా పోయాయి. ఆ ఇరవై అయిదు నిమిషాల ఖరీదు నాకప్పుడు తెలియదు.

పన్నెండూ ఐదుకు షెడ్డు చేరాం. సాగర్ రోడ్డు మొదట్లో, పంక్చర్ల కొట్టు పక్కన, రేకుల కింద. నేను తెచ్చుకున్న ఉపన్యాసం మొదలుపెట్టాను. ఆయన వినలేదు. అక్కడున్న ట్రాక్టరు వెనక చక్రం చూపించాడు. నట్లన్నీ ఉన్నాయి, ఒకటి తప్ప. ఆ ఒక్కటీ, దాని పానా, రెండూ సీటు మీద గుడ్డలో కట్టి ఉన్నాయి.

"పాతికేళ్ళు అన్నీ నేనే బిగించా సార్. డ్రైవరొచ్చి తాళం తిప్పి పోతాడు, వంగి చూసేవాడు ఒక్కడు లేడు. చక్రం ఊగినా మేస్త్రీ చూశాళ్ళే అంటాడు. ఇప్పుడు ఆఖరి నట్టు ఆడి చేతిలో పెడతన్నా. అది బిగియ్యాలంటే కింద కూకోవాలి గదా. కూకున్నోడు మిగతావి కూడా చూస్తాడు. మీరు శేషం శేషం అన్నారు గానీ, అది ఎవరికని చెప్పలేదు. నేను ఎక్కేవాడికని పెట్టుకున్నా."

నా దర్శనంలో అంత మంచి ఆలోచన ఎక్కడా లేదు. నేను పక్కనున్న టైరు మీద కూర్చుండిపోయాను. ఎనిమిది రోజులుగా భుజాల మీద ఉన్న బరువు దిగి, ఆకలి కూడా వేసింది. ఇది సుమారు నాలుగు నిమిషాలు నడిచింది.

తర్వాత మేస్త్రీ షెడ్డు మూలకు చూశాడు. మూల ఖాళీగా ఉంది.

"ఏడుకొండలు ఆటో ఏది?" అని పంక్చర్ల ఆయన్ని అడిగాడు. మీరు బస్టాండుకు పోయినప్పుడే ఏడుకొండలు బావమరిది గోపి వచ్చి తీసుకుపోయాడని, తాళం బండికే ఉందిగా అని ఆయన టైరు మీద నుంచి తల ఎత్తకుండా చెప్పాడు.

మేస్త్రీ గబగబా చెప్పాడు. ఏడుకొండలు ఆర్నెల్లుగా వస్తున్నవాడు, పద్ధతి తెలిసినవాడు. ఒంటిగంటకు తానే వస్తానన్నాడు. గోపి ఎప్పుడూ రాలేదు. ఏ నట్టు వదిలారని అడిగాను. చక్రానిదైతే ఒకటి లేకపోయినా ఊరు చేరుతుందని అప్పటికి నాకు అర్థమైంది కాబట్టి, కొంచెం ధైర్యంగానే అడిగాను.

"చక్రం విప్పలేదు సార్," అన్నాడు మెల్లగా. "బ్రేకు పైపు ఒకటే మార్చా. ఆఖరి నట్టు అదే అయింది. చేత్తో తిప్పి వదిలా."

చేత్తో తిప్పిన నట్టయితే ఏమవుతుందో ఆయనే చెప్పాడు: బ్రేకు తొక్కినప్పుడల్లా కాస్త ఆయిలు కారుతుంది. మొదట్లో తెలియదు. తర్వాత ఒక్కసారి తొక్కితే పెడలు నేలకు తగులుతుంది.

ఏడుకొండలుకు ఫోను చేశాడు. జ్వరం వచ్చి పడుకున్నానని, అందుకే గోపిని పంపానని అతను చెప్పాడు. సాగర్ కాలవ అవతల చేలో మిరప కూలీలున్నారు, రెండింటి లోపల ఎక్కించుకు రావాలి. గోపికి చేస్తే ఫోను మోగింది, మోగింది, ఆగిపోయింది. ఆటో నడిపేవాడు ఫోను ఎత్తకపోవడం మంచి లక్షణమని జీవితమంతా నమ్మాను.

షెడ్డులో బాగుచేసిన మోటార్‌సైకిల్ ఒకటుంది. మేస్త్రీ బ్రేకాయిల్ డబ్బా సంచీలో వేసుకుని, నట్టు ఒకటి, పానా ఒకటి నా చేతిలో పెట్టాడు. వెనక చక్రానిది. ఇప్పుడా అన్నాను.

"ఎక్కేది మీరు కూడా గదా."

నేలమీద కూర్చుని బిగించాను. పానా రెండుసార్లు జారింది. బిగించాక, నిజం చెప్పాలి, చైను వైపూ, ముందు చక్రం వైపూ కూడా చూశాను. నాకు బండ్ల గురించి తెలిసింది సున్నా. అయినా చూశాను.

పన్నెండూ ఇరవై రెండుకు బయల్దేరాం. నేను వెనక కూర్చుని, ఎదురుగా ఎక్కడైనా జనం గుమిగూడి ఉన్నారా అని ఆయన భుజం మీదుగా చూస్తూ, కనబడకూడదని కోరుకుంటూ, కనబడితే కనీసం తెలుస్తుందనుకుంటూ పోయాను. పెద్ద రోడ్డు వదిలి మట్టిదారి పట్టే మలుపులో ఆయన బండి ఆపి దిగాడు. దుమ్ములో అరచేతంత నల్లటి మరక ఉంది. వేలితో రాసి వాసన చూసి నాకేసి తిరిగాడు. బ్రేకాయిలు. ఆ మరక దగ్గర గోపి బ్రేకు వేసి మలుపు తిరిగాడన్నమాట. ఇంకా ఎన్ని మలుపులున్నాయో నాకు తెలియదు. ఆయనకు తెలుసు, అందుకే వేగం పెంచాడు.

కాలవ కట్ట ఎక్కాం. కుడి పక్క నిండుగా పారుతున్న నీళ్ళు, ఎడమ పక్క చేలు, మధ్యలో ఒక బండికి మాత్రమే సరిపోయే దారి. అరకిలోమీటరు ముందు, అవతల నుంచి వచ్చే దారి కిందికి దిగి నీళ్ళ వైపు వంపు తిరుగుతుంది. ఆ వంపు దగ్గర ఆటో ఒక పక్కకు ఒరిగి ఉంది. ముందు చక్రం కాలవలోంచి తీసి పోసిన పూడిక మట్టికుప్పలో సగానికి దిగిపోయింది. కుప్ప అవతల రెండడుగులు. ఆ తర్వాత నీళ్ళు.

కట్ట మీద ఆడవాళ్ళు వరసగా కూర్చుని ఉన్నారు. ఎండకు తలలమీద తువ్వాళ్ళు. నేను లెక్కపెట్టాను: పద్నాలుగు. మళ్ళీ లెక్కపెట్టాను. అప్పుడు గుర్తొచ్చింది, ఎంతమంది ఎక్కారో నాకు తెలియదని. మేస్త్రీ కూడా అదే లెక్కలో ఉన్నట్టున్నాడు, బండి దిగుతూనే ఎంతమంది ఎక్కారమ్మా అన్నాడు.

"పద్నాలుగుమందిమి. లెక్క సరిపోయింది, కూకో," అంది వాళ్ళలో పెద్దావిడ. గడ్డం మీద చీర కొంగు అదిమిపట్టి ఉంది, కొంగు తడిగా ఉంది. ఆమె పేరు సైదమ్మ, కూలీల ముఠాకు ఆమే పెద్ద. గోపి మట్టికుప్ప పక్కన చతికిలపడి ఉన్నాడు. పెళ్ళీడు పిల్లలున్న మనిషి, చంటివాడిలా ఎక్కిళ్ళు పెడుతున్నాడు. పెడలు కిందికి పోయిందని, నీళ్ళలోకా మట్టిలోకా అని ఆలోచించే టైము కూడా లేదని అదే మాట చెబుతూ ఉన్నాడు.

మేస్త్రీ ఆటో కిందికి దూరి చూసి, బయటికొచ్చి సైదమ్మ ముందు నిలబడ్డాడు.

"గోపీ తప్పు కాదమ్మా. నట్టు నేనే వదిలా."

"ఎందుకొదిలావు?"

ఆయన నా వైపు చూడలేదు. చూడకూడదని నేలకేసి చూస్తున్నాడని నాకు తెలిసింది. అక్కడ నన్నెరిగినవాళ్ళు లేరు. ఊరికే నిలబడితే మేస్త్రీ కూడా వచ్చిన ఎవరో సారుగా మిగిలిపోయి, నాలుగు గంటల బస్సెక్కి వెళ్ళిపోవచ్చు. ఆ ఆలోచన నాకు రాలేదని రాస్తే బాగుంటుంది గానీ, వచ్చింది. ఒక నిమిషం దాకా ఉంది కూడా.

నేనే చెప్పానమ్మా అలా వదలమని, అన్నాను. వదలమంటే, కథలో. ఏ కథ అన్నారు. అలా సాగర్ కాలవ కట్టమీద, మిట్టమధ్యాహ్నం, మిరప ఘాటుకు చేతులు మండుతున్న పద్నాలుగుమందికి శేషవాదం మొత్తం వివరించాల్సి వచ్చింది. నీలవ్వ గురించి, ఆఖరి పోగు గురించి, గుమ్మం బయట కూర్చునే మృత్యువు గురించి. క్లాసులో కూడా ఇంత శ్రద్ధగా ఎవరూ వినలేదు. చివర ఒకామె పక్కామెతో, ఈయన చూట్టానికి బాగానే ఉన్నాడే అంది.

సైదమ్మ కొంగు తీసి నెత్తురు ఆగిందో లేదో చూసుకుంది.

"ఆ దీవిలో బండ్లు లేవా?"

"లేవమ్మా."

"మరి కూలికెట్టా పోతారు?"

కూలిపనులు రాయలేదన్నాను.

"అదీ సంగతి," అంది, ఎవరిమీదా కోపం లేకుండా. నాకు వచ్చిన సమీక్షల్లో అదే చిన్నది.

తర్వాత గంట పని జరిగింది. అందరం కలిసి ఆటోను మట్టిలోంచి వెనక్కి లాగాం. మేస్త్రీ కింద పడుకుని నట్టు బిగించాడు, ఆయిలు పోశాడు. పైపులో గాలి పోవాలంటే ఒకరు పెడలు తొక్కుతుండాలట. ఆ పని నాకిచ్చారు. తొక్కండి, పట్టండి, వదలండి అని కింద నుంచి గొంతు వస్తుంటే నలభైసార్లు తొక్కి ఉంటాను. మెల్లమెల్లగా కాలి కింద పెడలు గట్టిపడింది. నేను చేసిన పని పనికొచ్చినట్టు కాలికి తెలియడం నాకదే మొదలు.

అయ్యాక సైదమ్మ చేయి చాపింది. "పానా ఇటియ్యి. ఏ నట్టో చూపించు."

మేస్త్రీ చూపించాడు. ఆమె మట్టిలో మోకాళ్ళమీద కూర్చుని, తల ఆటో కిందికి వంచి, రెండు చేతులతో నొక్కి చూసింది. నట్టు కదల్లేదు. ఇంకోసారి నొక్కింది. లేచి చీర దులుపుకుని, రేపటి నుంచి ఎక్కేముందు పానా తన చేతికివ్వాలని గోపికి చెప్పింది. మేస్త్రీకి కాదు, నాకు కాదు.

అయినా ముగ్గురు ఆడవాళ్ళు మేం ఎక్కం అన్నారు. నడిచే వస్తామని బయల్దేరారు. వాళ్ళని ఎవరూ బలవంతం చేయలేదు. మిగతావాళ్ళు ఎక్కారు. నేను మోటార్‌సైకిల్ వైపు నడుస్తుంటే సైదమ్మ పిలిచింది.

"ఏమయ్యా సారూ, నువ్వు ఇందులో రా. గోపి పక్కన కూకో."

ఎక్కాను. సగం సీటు మీద, సగం గాలిలో. ముందున్నది అదే దిగుడు, అదే వంపు. ఎడమచేతి కింద నీళ్ళు కదులుతున్నాయి, చాలా దగ్గరగా. గోపి పెదవులు కదులుతున్నాయి. ఏ దేవుడో అడగలేదు. వెనక పదకొండుమందీ ఒకరి భుజం ఒకరు పట్టుకున్నారు. వంపు దగ్గర గోపి బ్రేకు తొక్కాడు. ఆ తొక్కడానికీ బండి ఆగడానికీ మధ్య ఉన్న సమయం ఎంతో నేను చెప్పలేను. ఎకనామిక్స్‌లో దానికి కొలత లేదు. ఆటో ఆగింది. వెనక ఎవరో గట్టిగా ఊపిరి వదిలారు. గోపి మళ్ళీ గేరు వేశాడు.

మాచర్లలో ఆస్పత్రికి తీసుకెళ్తే సైదమ్మ గడ్డానికి మూడు కుట్లు వేశారు. కుట్టు వేసేటప్పుడు ఆమె నన్ను బయటికి పొమ్మంది, నా మొహం చూస్తే తనకు భయమేస్తోందని. మేస్త్రీ బస్టాండు దాకా వచ్చాడు. లాల్చీ మొత్తం ఆయిలు. తిడతాడేమోనని ఎదురుచూశాను, తిడితే బాగుండునని కూడా అనుకున్నాను.

"బ్రేకు మటుకు నేనే బిగిస్తా సార్ ఇక. మిగతావి చేతిలోనే పెడతా, అది మానను," అన్నాడు. ఆ తర్వాత, "మీరు కూడా మీ దీవిలో ఓ బండి పెట్టండి," అన్నాడు.

నాలుగూ పదికి పిడుగురాళ్ళ బస్సు. సీటు దొరికింది. గురజాల దాకా చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాను. తర్వాత సంచీలోంచి నోటుపుస్తకం తీశాను. ఆ దీవిని కల్పించి మూడేళ్ళయింది. తత్వవేత్తలు, నేతగాళ్ళు, పేర్లున్న చేపలు. ఇన్నాళ్ళలో ఒక మనిషి తన ప్రాణాన్ని ఇంకొకరి చేతిలో పెట్టి ఎక్కడికీ ప్రయాణం చేయలేదక్కడ. అంత నిశ్చింతగా ఉన్న లోకంలో ఏ సిద్ధాంతమైనా నిలబడుతుంది.

తొమ్మిదిగాలుల దీవిలో మొదటిసారి ఒక బండి బయల్దేరింది. పద్నాలుగుమంది ఎక్కారు. దారి పక్క ఊదారంగు నీళ్ళు, ముందు ఒక దిగుడు. రాస్తున్నవాణ్ణి నేనే అయినా నాకు భయమేసింది. బస్సు కుదుపులకు అక్షరాలు వంకరపోయాయి, అయినా ఆపలేదు. ఒక్కొక్కరినీ వాళ్ళ గుమ్మం ముందు దించి, లోపలికి వెళ్ళేదాకా చూసి, తర్వాతి ఇంటికి పోనిచ్చాను. పద్నాలుగో ఆమె తలుపు వేసుకునేసరికి పిడుగురాళ్ళ వచ్చింది.

ఆ భాగంలో ఇంకేమీ జరగదు. శ్రోతలకు నచ్చకపోవచ్చు.